మూడు మూలల మొహమాటం

అమెరికాలోని లుండే అనే చిన్న ఊళ్లో ఎవరూ ఎవరి మొహం మీదా కాదని చెప్పరు. పక్క పొలం వాడు తన పాత ట్రాక్టరు కొనమని అడిగినా, పాస్టరు వచ్చి చర్చి గాయకబృందంలో చేరమన్నా, ఇష్టం లేకపోతే "మంచిదే, చూద్దాం" అంటారు. ఆ మాట వినగానే అడిగినవాళ్లు టోపీ సర్దుకుని, వాతావరణం గురించి రెండు ముక్కలు మాట్లాడి వెళ్లిపోతారు. మళ్లీ ఆ ఊసు ఎత్తరు. అలాగే చర్చి విందులో ఎవరైనా వండి తెచ్చింది నోట్లో పెట్టుకోలేకపోతే "అదోరకంగా ఉంది" అంటారు. వండినావిడ నొచ్చుకోదు, ఆ వంటకం మళ్లీ తేదు. ఊరంతా ఇలా తరతరాలుగా గొడవ లేకుండా బతుకుతోంది.

ఓర్లిన్ ట్వెట్‌కి ఈ మొహమాటం ఊళ్లోవాళ్లందరికన్నా ఒక పాలు ఎక్కువ. ముప్పై ఏళ్లకు పైగా రైతులకు మొక్కజొన్న విత్తనాలు అమ్మి, ఈ మధ్యే విశ్రాంతి తీసుకున్న మనిషి. ఎవరితోనూ మాట పడలేదు, ఎవరినీ మాట అనలేదు. అమ్మకాల ఫోన్లు వస్తే కూడా అవతలివాళ్లు చెప్పేది పూర్తయ్యేదాకా విని, "పాపం, గొంతు ఎండిపోయుంటుంది, కాసిని మంచినీళ్లు తాగమ్మా" అని పెట్టేసేవాడు.

అలాంటి మనిషి మీదకి ఆ శీతాకాలం అధ్యక్ష పదవికి పోటీ పడేవాళ్లు వచ్చి పడ్డారు.

దేశంలో పార్టీ తరఫున ఎవరు నిలబడాలన్న పోటీ మొదలయ్యేది లుండే ఉన్న అయోవా రాష్ట్రంలో, ఊరూరా జరిగే పార్టీ సభలతోనే. అందుకని నాలుగేళ్లకోసారి, బయటికి అడుగు పెడితే ముక్కు ఊడిపోయేంత చలిలో, దేశాన్ని ఏలాలనుకునేవాళ్లంతా లుండే లాంటి ఊళ్లలో కాఫీ తాగుతూ కనిపిస్తారు. ధాన్యం గోదాముల ముందు చేతులు ఊపుతారు. పందుల్ని ఆప్యాయంగా చూస్తారు. ఒకాయన నిరుడు వేసవిలో ఓర్లిన్ తమ్ముడి సోయాబీన్ చేలో నిలబడి "ఈ మొక్కజొన్న ఎంత బాగా ఎదిగిందో!" అన్నాడు. తమ్ముడు "అవునండీ, వానలు బాగా పడ్డాయి" అన్నాడు. మరేమంటాడు?

ఓర్లిన్ ఇంటికి మొదట వచ్చినవాడు సెనేటర్ ప్రెస్కాట్. కొత్త కోటు, మోకాళ్ల దాకా కొత్త బూట్లు, ఇస్త్రీ మడత చెడని జీన్స్ ప్యాంటు. ఆయన వెంట కెమెరాలు, కెమెరాల వెంట మనుషులు, ఆ మనుషులకు కాఫీ పట్టుకొచ్చే మనుషులు. ముందురోజు పడ్డ మంచుతో ఇంటి దారి పూడిపోయి ఉంది. సెనేటర్ ఓర్లిన్ చేతిలోని పార లాక్కుని "పెద్దాయనా, మీరు కూర్చోండి" అని మంచు ఎత్తడం మొదలుపెట్టాడు. బాగానే ఎత్తాడు. దారి సగం అయ్యేసరికి కెమెరావాడు "చాలు సార్, వచ్చేసింది" అన్నాడు. సెనేటర్ ఎత్తిన పార ఎత్తినట్టే గోడకు ఆనించి, ఓర్లిన్ భుజం తట్టి, "మా తరఫున ఆ రోజు సభలో నాలుగు మాటలు మాట్లాడతారు కదూ?" అన్నాడు.

"మంచిదే, చూద్దాం" అన్నాడు ఓర్లిన్.

వాళ్లు వెళ్లాక మిగతా సగం తనే ఎత్తుకున్నాడు. ఇంకా చెమట ఆరలేదు, కోటు వేసుకున్న మనిషొకడు పరుగున వెనక్కి వచ్చాడు.

"సార్, సార్! వెలుతురు సరిగ్గా పడలేదట. ఆ మంచు కాస్త మళ్లీ దారిలో పోస్తారా?"

ఓర్లిన్ మొహమాటానికి పోశాడు కూడా. కానీ ఆ సరికి సెనేటర్ బస్సు పక్క ఊరు చేరిపోయింది.

తర్వాత గవర్నర్ క్విగ్లీ వచ్చింది. ఆవిడ మంచు జోలికి పోలేదు. హాల్లో కూర్చుని మాట్లాడతానంది. ఆవిడ రాకముందే బ్రిజెట్ అనే ప్రచార నిర్వాహకురాలు వచ్చి ఓర్లిన్ వాలుకుర్చీని తేరిపార చూసింది. దాని చేతుల మీద తోలు మెరుస్తోంది. పిల్లలు కలిసి కొనిచ్చిన కుర్చీ అది.

"ఓర్లిన్ గారూ, ఏమీ అనుకోకండి. ఈ కుర్చీ మరీ... సుఖంగా ఉంది. కష్టపడే రైతు కుర్చీలా లేదు. కొట్టంలో పాత చెక్క కుర్చీ ఏదైనా ఉందా?"

"ఉంది గానీ, దానికో కాలు కుదురుగా ఉండదమ్మా."

"అద్భుతం!" అంది బ్రిజెట్.

ఆ కుదురులేని కుర్చీలో కూర్చుని ఓర్లిన్ తన తుంటినొప్పి గురించి చెప్పాడు. గవర్నర్ కళ్లు చెమర్చాయి. అప్పుడొకడు మైకు పనిచేయలేదన్నాడు. ఆవిడ కళ్లు తుడుచుకుని, మళ్లీ అదే ప్రశ్న అడిగింది. ఓర్లిన్ మళ్లీ చెప్పాడు. మళ్లీ సరిగ్గా అదే చోట ఆవిడ కళ్లు చెమర్చాయి. ఓర్లిన్‌కి నిజంగానే ముచ్చటేసింది. అంత శ్రద్ధగా తన తుంటి గురించి రెండుసార్లు విన్నవాళ్లు డాక్టర్లలో కూడా లేరు. వెళ్లేటప్పుడు బ్రిజెట్ "మీరే మా వక్త" అంది.

"మంచిదే, చూద్దాం."

మూడోవాడు వాన్ లోన్. పరుపుల కంపెనీ ఆసామి. దేశమంతా ఆయన పరుపుల మీద పడుకుంటుంది కాబట్టి దేశం గురించి తనకు తెలుసునని ఆయన నమ్మకం. ఇంట్లోకి రాగానే ఎవరినీ అడక్కుండా పడకగదిలోకి వెళ్లి, బూట్లతోనే మంచం మీద వాలి, కళ్లు మూసుకున్నాడు. వెంట వచ్చిన విలేకరులందరూ గుమ్మంలో ఊపిరి బిగబట్టి నిలబడ్డారు. కాసేపటికి కళ్లు తెరిచి, "దీన్ని తిరగేసి వేసుకోండి. తల వైపు కాళ్ల వైపుకి" అన్నాడు. లేచి, చేయి కలిపి, "మీరు మా మనిషి" అన్నాడు.

ఓర్లిన్ ఏమన్నాడో వేరే చెప్పక్కర్లేదు.

ఆ రాత్రి అతని భార్య డెలోరిస్ దుప్పటి మీద బూటు మరకలు చూసి "ఎవరిదీ పాదం?" అని అడిగింది. "కాబోయే అధ్యక్షుడిదేమో" అన్నాడు ఓర్లిన్. ఆవిడ దుప్పటి ఉతకడానికి తీసేస్తూ ఎలాగూ తీశాం గదా అని పరుపు కూడా తిరగేసింది.

సభకి ఇంకా కొద్ది రోజులుందనగా ఓర్లిన్ ఊళ్లోని కాఫీ హోటలుకి వెళ్లాడు. అక్కడ కుర్చీలన్నిట్లో విలేకరులే ఉన్నారు. ఓటరు ఎవరూ దొరకక ఒక విలేకరి ఇంకో విలేకరిని ఇంటర్వ్యూ చేస్తున్నాడు. మూలబల్ల దగ్గర మాత్రం వెర్లిన్ కదలకుండా కూర్చుని ఉన్నాడు. చిన్నప్పటినుంచీ ఓర్లిన్‌తో చేపలు పట్టిన స్నేహితుడు, నోటికి అదుపు లేని మనిషి.

"రారా, రా. పెద్ద నాయకుడివి అయిపోయావు. మాలాంటివాళ్లతో కాఫీ తాగుతావో లేదో అనుకున్నా."

"నేనేం అయ్యానురా?"

"గవర్నర్ తరఫున నువ్వే మాట్లాడుతున్నావట. ఆ బ్రిజెట్ అమ్మాయి ఊరంతా చెప్పింది."

"నేను చూద్దామన్నాను."

"సెనేటర్ మనుషులూ నీ పేరే చెప్తున్నారు."

"వాళ్లతోనూ చూద్దామనే అన్నాను!"

"పరుపులవాడు?"

ఓర్లిన్ కాఫీలో చక్కెర వేసి, వేసిన సంగతి మర్చిపోయి మళ్లీ వేశాడు. అంతదాకా అతనికి తట్టనే లేదు. వీళ్లు లుండేలో పుట్టలేదు. వీళ్లకి 'చూద్దాం' అంటే 'సరే' అని. ఎవరికీ నొప్పి కలగకుండా ముగ్గురికి కాదని చెప్పాననుకుంటూ హాయిగా నిద్రపోతున్నాడు, అదీ తిరగేసిన పరుపు మీద. తీరా చూస్తే ముగ్గురికీ మాటిచ్చి కూర్చున్నాడు.

వెర్లిన్ కడుపు పట్టుకుని నవ్వాడు. "ఒరేయ్, ముగ్గురు పెళ్లికూతుళ్లకి ఒకే రోజు ముహూర్తం పెట్టినవాణ్ణి నిన్నే చూశానురా! డెలోరిస్‌కి చెప్పావా?"

అసలు చిక్కు అక్కడుంది.

ఎందుకంటే ఈ ఏడు సభాధ్యక్షురాలు డెలోరిస్. ఎన్నో ఏళ్లు ఆ పని చేసిన ముసలాయన నిరుడు పోయాడు. ఆ బాధ్యత నువ్వు తీసుకోమని పార్టీవాళ్లు అడిగితే, ఆవిడ ఊరి పద్ధతికి విరుద్ధంగా వెంటనే "తీసుకుంటాను" అంది. అయోవాలో ఈ సభల్లో ఓటు చీటీ మీద వేయరు. ఊరివాళ్లంతా ఒక గదిలో చేరి, ఎవరికి ఓటో వాళ్ల మూలలోకి నడిచి వెళ్లి, అందరి కళ్ల ముందూ నిలబడతారు. పక్కింటివాళ్లూ, పంటి డాక్టరూ, చర్చిలో వెనక బల్ల మీద కూర్చునేవాళ్లూ అందరూ చూస్తుండగానే. పోయిన సభలో రెండు మూలలు సమానమయ్యాయి. చివరికి నాణెం ఎగరేసి తేల్చారు. ఆ నాణెం బల్ల కిందకి దొర్లిపోయింది. బొమ్మ పడిందా బొరుసు పడిందా అన్న దాని మీద ఊరు రెండుగా చీలింది. వసంతం వచ్చి విత్తనాలు వేసేదాకా చాలామంది మాట్లాడుకోలేదు. ఓర్లిన్ రెండు వైపులవాళ్లకీ విత్తనాలు అమ్మాడు గానీ, ఇద్దరూ ఒకేసారి కొట్లో ఉండకుండా చూసుకోవాల్సి వచ్చింది.

ఈసారి అది జరగకూడదని డెలోరిస్ పట్టుదల. "గెలిచేది ఎవరైనా కానీ, ఓర్లిన్. అందరూ నవ్వుతూ వచ్చి, నిమ్మ బిళ్లలు తిని, ఒకళ్ల గిన్నెలు ఇంకొకళ్లు కడిగిపెట్టి వెళ్లాలి. నాకంతే చాలు" అని ఎన్నిసార్లు అందో.

ఆ సాయంత్రం ఆవిడ వంటింట్లో నియమాలు పైకి చదువుకుంటూ బల్ల మీద మిరియాల సీసా ఒక మూలకి, ఉప్పు సీసా ఇంకో మూలకి జరిపి సాధన చేస్తోంది. ఓర్లిన్ గుమ్మంలో నిలబడ్డాడు.

"డెలోరిస్."

"ఊఁ?"

"ఆ రోజు సభలో... నేను..."

"నువ్వు కాఫీ చూసుకుంటావు కదూ? పెద్ద పాత్ర చర్చి నుంచి తీసుకురావాలి. నిన్నే నమ్ముకున్నాను, ఓర్లిన్." తలెత్తి నవ్వింది. ఆ నవ్వులో బడి మొదటిరోజు బట్టలేసుకున్న పిల్ల సంబరం ఉంది.

"చూసుకుంటాను" అన్నాడు ఓర్లిన్. మిగతాది చెప్పకుండానే పెరట్లోకి వెళ్లిపోయాడు.

సభ బడి భోజనశాలలో జరిగింది. పిల్లల బల్లలు కావడంతో పెద్దవాళ్లందరూ మోకాళ్లు గడ్డానికి తగిలేలా కూర్చున్నారు. ఆడవాళ్లు ఇళ్లలో కాల్చి తెచ్చిన నిమ్మ మిఠాయి బిళ్లలు, చాక్లెట్ ముక్కలు, పాకంలో ముంచిన అటుకుల అచ్చులు గోడవారగా, పిల్లల పాలు చల్లగా ఉంచే పాలపెట్టె పక్కన బల్ల మీద వరుసగా ఉన్నాయి. ఒక పెద్ద టీవీ ఛానెల్ వాళ్లు దేశంలో ఇన్ని ఊళ్లుండగా లుండేకే వచ్చారు. ఈ గది 'చాలా అయోవాలా ఉంది' అట. టీవీ మనిషి మాత్రం ఓవర్‌కోటు విప్పకుండా హీటరు పక్కనే నిలబడ్డాడు.

ఓర్లిన్ వంటగదిలో దాక్కున్నాడు. కాఫీ పాత్రకి మూత పెట్టాడు, తీశాడు, మళ్లీ పెట్టాడు. పళ్లేలు తిరిగిచ్చే కిటికీలోంచి హాలు కనిపిస్తోంది. డెలోరిస్ నీలం స్వెటర్ వేసుకుని, బడి గంట మోగించి, అందరినీ స్వాగతించింది. గొంతు మొదట వణికి, తర్వాత కుదురుకుంది. ఆవిడ పక్కనే ఉండి వినాల్సిందని ఓర్లిన్‌కి అనిపించింది.

"ఇప్పుడు ఒక్కొక్క అభ్యర్థి తరఫున ఒకరు మాట్లాడతారు. సెనేటర్ ప్రెస్కాట్ గారి తరఫున ఎవరు?"

కోటు మనిషి చేయి ఎత్తాడు. "ఓర్లిన్ ట్వెట్ గారండీ."

డెలోరిస్ కనుబొమలు కొంచెం లేచాయి. "సరే. గవర్నర్ క్విగ్లీ గారి తరఫున?"

"ఓర్లిన్ గారే కదా!" అంది బ్రిజెట్, కోటు మనిషిని గుర్రుగా చూస్తూ.

గదిలో ఎవరిదో చెంచా కింద పడింది.

"వాన్ లోన్ గారి తరఫున..." డెలోరిస్ గొంతు నెమ్మదించింది.

"ఓర్లిన్!" అని పరుపుల కంపెనీ టోపీ పెట్టుకున్నవాడు లేచి, చుట్టూ చూసి, మళ్లీ కూర్చోబోయి సగంలో ఆగిపోయాడు.

హీటరు పక్కన టీవీ మనిషికి ప్రాణం లేచొచ్చింది. కెమెరా తిప్పమని సైగ చేశాడు. వెర్లిన్ పళ్లేల కిటికీ వైపు వేలు చూపించాడు. "ఆయన వంటగదిలో ఉన్నారండీ. ఎవరి మనిషో తేలాలంటే తిరగేసి చూడాలి, పరుపులాగా."

డెలోరిస్ కిటికీలోంచి సూటిగా చూసింది. కోపం లేదు ఆ చూపులో. 'నాతో చెప్పలేదే' అన్న ప్రశ్న ఉంది. ఓర్లిన్‌కి అంతకన్నా కోపమే బావుణ్ణనిపించింది.

కాఫీ కూజా చేత్తో పట్టుకుని బయటికి వచ్చాడు. కింద పెట్టాలని తోచలేదు.

"తప్పు నాదే. మాటిచ్చాననుకున్నారు, మాట్లాడతాను. ముగ్గురి తరఫునా మాట్లాడతాను, అధ్యక్షురాలు గారు ఒప్పుకుంటే."

అధ్యక్షురాలు నియమాల కాగితం ఒకసారి చూసింది. "కూడదని ఎక్కడా లేదు" అంది.

ఓర్లిన్ గొంతు సవరించుకున్నాడు. "సెనేటర్ గారు మా ఇంటి దారిలో మంచు ఎత్తారు. సగమే ఎత్తారు. కానీ ఎత్తినంత మేర శుభ్రంగా, అంచులు కోసినట్టు ఎత్తారు. నేనంత నీటుగా ఎత్తలేను. సగం పని చక్కగా చేయగలిగిన మనిషి, కెమెరా ఉంటే మిగతా సగమూ చేస్తాడని నా నమ్మకం."

వెనకనుంచి నవ్వులు. కోటు మనిషికి చప్పట్లు కొట్టాలో వద్దో తెలియలేదు.

"గవర్నర్ గారు నా తుంటినొప్పి గురించి రెండుసార్లు విన్నారు. మొదటిసారి మైకు పనిచేయలేదు, అయినా కళ్లు చెమర్చాయి. మైకు లేకుండా కూడా చెమర్చాయంటే మంచి మనసే ఉండాలి. ఇక వాన్ లోన్ గారు... ఆయన మా మంచం మీద బూట్లతో పడుకున్నారు."

"ఎవరి మంచం మీదా?" అంది ముందువరసలో సిగ్రిడ్. ఊళ్లో అందరికన్నా పెద్దావిడ, చెవులు కొంచెం మందం.

"మా మంచం మీదమ్మా. పరుపు తిరగేయమన్నారు. తిరగేశాం. అప్పట్నుంచీ నా నడుం బాగుంది. అబద్ధం చెప్పకూడదు. దేశం కూడా తిరగేస్తే బాగుపడుతుందో లేదో నాకు తెలియదు. అంతేనండీ. కాఫీ ఎవరికైనా కావాలా?"

అందరూ చప్పట్లు కొట్టారు. మూడు ప్రచారాలవాళ్లూ తమ వక్త మాట్లాడాడు కాబట్టి కొట్టారు. ఊరివాళ్లు చాలాకాలానికి ఒక ఉపన్యాసం పూర్తిగా అర్థమైనందుకు కొట్టారు.

డెలోరిస్ గంట మోగించింది. "ఇప్పుడు ఎవరి మూలలోకి వాళ్లు వెళ్లండి. సెనేటర్ గారివాళ్లు వేదిక వైపు. గవర్నర్ గారివాళ్లు తలుపు వైపు. వాన్ లోన్ గారివాళ్లు జెండా కింద. ఇంకా తేల్చుకోనివాళ్లెవరైనా ఉంటే పాలపెట్టె దగ్గర."

కుర్చీలు గరగరలాడాయి. జనం ఒకరి మొహం ఒకరు చూడకుండా మూలలకు నడిచారు. డెలోరిస్ లెక్కపెట్టింది. మళ్లీ లెక్కపెట్టింది. ఆవిడ మొహంలో రంగు తగ్గడం ఓర్లిన్ చూశాడు. మూడు మూలలూ సమానం. లుండేకి దక్కేది జిల్లా సభకి పంపే ఒక్క ప్రతినిధి. ఎక్కువ మంది ఏ మూలలో ఉంటే ఆ మూలదే ఆ ప్రతినిధి. సమానమైతే మళ్లీ నాణెం. మళ్లీ బల్ల కింద.

ఏ మూలలోనూ లేనివాళ్లు ఇద్దరే. గంట పట్టుకున్న డెలోరిస్, కూజా పట్టుకున్న ఓర్లిన్.

"ఓర్లిన్, ఇటు!" అన్నాడు వేదిక వైపునుంచి కోటు మనిషి.

"ఓర్లిన్ గారూ, మీ తుంటి కోసం!" అంది బ్రిజెట్.

"ఓర్లిన్ మామా, నిమ్మ బిళ్లలు జెండా కిందకి తెచ్చేశాం!" అని ఎవరో పళ్లెం ఎత్తి ఊపారు. "అవి అందరివీ, పెట్టెయ్ అక్కడ!" అని తలుపు వైపు నుంచి ఒకావిడ అరిచింది. ఆ గొంతులో పోయినసారి నాణెం తాలూకు కరుకుదనం లేచింది. మొదట కొంచెమే. దానికి జవాబు ఇంకో మూలనుంచి వచ్చింది.

ఓర్లిన్ వేదిక వైపు నడిచాడు. అక్కడివాళ్లు ఊపిరి పీల్చారు. అతను వాళ్లకి కాఫీ పోసి తలుపు వైపు నడిచాడు. అక్కడా పోశాడు. జెండా కింద పోశాడు, నిమ్మ బిళ్లల పళ్లెం తీసుకున్నాడు. కూజా ఖాళీ అయింది. ఇక చేయడానికి పనేమీ లేదు.

అప్పుడు పళ్లెం పట్టుకుని గది మధ్యనుంచి నడిచి, పాలపెట్టె పక్కన నిలబడ్డ డెలోరిస్ దగ్గరికి వెళ్లాడు. పళ్లెం బల్ల మీద దాని చోట పెట్టి, ఆవిడ పక్కన నిలబడ్డాడు.

"నువ్వు ఎవరికో నేనెప్పుడూ అడగలేదు" అన్నాడు మెల్లగా. పెళ్లయినప్పటినుంచీ ఇద్దరూ ఎవరికి ఓటేశారో ఒకరికొకరు చెప్పుకోలేదు.

"ఇప్పుడూ అడగకు. నాకింకా తెలియదు" అంది ఆవిడ, పెదవులు కదపకుండా.

"అయితే నేనూ ఇక్కడే. వీళ్లందరికన్నా ముందు మాటిచ్చింది నీకే. పెళ్లి రోజు చూద్దామనలేదు కూడా." ఈ మాట గదంతా వినబడింది.

"అన్నావురా!" అని వెర్లిన్ జెండా కిందనుంచి అరిచాడు. "పక్కన నిలబడ్డది నేనే. పాస్టరు అడిగితే 'మంచిదే' దాకా అని, నేను పొడిస్తే అప్పుడు 'సరే' అన్నావు!"

గది ఘొల్లుమంది. డెలోరిస్ నవ్వు ఆపుకోలేక నియమాల కాగితం మొహానికి అడ్డం పెట్టుకుంది. ఆ నవ్వులోనే వెర్లిన్ తన తల మీది పరుపుల కంపెనీ టోపీ తీసి పక్కవాడి చేతిలో పెట్టి, పాలపెట్టె వైపు నడిచాడు.

"ఎక్కడికిరా?" అన్నారెవరో.

"నేనూ ముగ్గురికీ చూద్దామన్నాన్రా బాబూ. వీడు దొరికిపోయాడు, నేను దొరకలేదు, అంతే తేడా. మా ఆవిడ ఆర్డిస్ రెండు మూలలకీ బిళ్లలు చేసిపెట్టింది. అడగండి."

"వెర్లిన్!" అంది ఆర్డిస్ గవర్నర్ మూలలోంచి. తర్వాత ఆవిడా వచ్చింది. తర్వాత పంటి డాక్టరు. "అన్ని బస్సులవాళ్లూ నా కుర్చీలో పళ్లు చూపించారు, ఎవర్నీ కాదనలేకపోయాను" అని ఒప్పుకున్నాడు. తమ్ముడు వచ్చాడు, సోయాబీన్ సంగతి చెప్పుకుంటూ. పోయినసారి నాణెం గొడవలో చెరో వైపు ఉన్నవాళ్లు ఇద్దరు ఒకేసారి వచ్చి, ఒకరికొకరు దారిచ్చుకుని, ఇద్దరూ ఆగిపోయి, "నువ్వు వెళ్లు", "లేదు, నువ్వే వెళ్లు" అని కాసేపు మొహమాటపడ్డారు. బిళ్లల బల్ల కూడా అక్కడే ఉండటం కొంత కారణం అయ్యుండొచ్చు.

అందరూ రాలేదు. సెనేటర్ వైపు కొందరు గట్టివాళ్లు అలాగే నిలబడ్డారు. గవర్నర్ మూలలో చివరికి సిగ్రిడ్ ఒక్కతే మిగిలింది. డెలోరిస్ వెళ్లి, "సిగ్రిడ్, నువ్వు రానక్కర్లేదు" అంది గట్టిగా.

"నాకు తెలుసు. నాకు ఆవిడ నిజంగానే నచ్చింది" అంది సిగ్రిడ్. ఆర్డిస్ ఆవిడ కోసం ఒక కుర్చీ, రెండు బిళ్లలు అక్కడికే పట్టుకెళ్లింది.

లెక్క తేలింది. తేల్చుకోనివాళ్లు గెలిచారు. ఆ తేల్చుకోనివాళ్ల తరఫున జిల్లా సభకి వెళ్లే ప్రతినిధి ఎవరని డెలోరిస్ అడగ్గానే గది మొత్తం ఒకే పేరు చెప్పింది. ఆ సభ మార్చిలో, చేపలు పట్టే రోజుల్లో, పొద్దున్నుంచి సాయంత్రం దాకా జరుగుతుంది. ఓర్లిన్ నోరు తెరిచాడు. వద్దని చెప్పడానికే తెరిచాడు.

"మంచిదే..." అన్నాడు.

"రాసుకో!" అన్నాడు వెర్లిన్.

గిన్నెలు కడగడం మొదలైంది. సెనేటర్‌వాళ్లు కడిగితే పరుపులవాళ్లు తుడిచారు. గోడ మీది టీవీలో అప్పుడే ఈ గదే కనిపిస్తోంది. "లుండేలో ఓటర్ల ఆగ్రహం కట్టలు తెంచుకుంది!" అంటున్నాడు హీటరు మనిషి, ఇంకా హీటరు పక్కనే నిలబడి. అతని వెనక వెర్లిన్ నోట్లో బిళ్ల కుక్కుకుని కెమెరాకి చేయి ఊపుతున్నాడు. డెలోరిస్ చేతులు తుడుచుకుంటూ ఆ దృశ్యం చూసి, "ఇదేంటో అదోరకంగా ఉంది" అంది.

తెల్లారేసరికి బస్సులన్నీ వెళ్లిపోయాయి. అభ్యర్థులందరూ తర్వాతి పోటీ జరిగే న్యూ హాంప్‌షైర్ చేరి, అక్కడి మంచు గురించి మాట్లాడుతున్నారు. లుండేలో కాఫీ హోటలు కుర్చీలు ఊరివాళ్లకి తిరిగి దక్కాయి. ఓర్లిన్ వాలుకుర్చీని హాల్లో దాని చోటుకి లాగి, అందులో వాలాడు. డెలోరిస్ కాఫీ తెచ్చి పక్కన కూర్చుంది. రాత్రి నుంచీ ఆవిడ మొహంలోంచి ఆ వెలుగు పోలేదు.

ఫోన్ మోగింది.

"ఓర్లిన్ గారా? ప్రెస్కాట్‌ని. స్వయంగా చేస్తున్నాను." వెనక జనం హోరు. "మీరు ఇప్పుడు తేల్చుకోని ప్రతినిధి అని విన్నాను. మార్చిలో జిల్లా సభలో మా వైపు ఉంటారు కదూ?"

ఓర్లిన్ డెలోరిస్ వైపు చూశాడు. ఆవిడ కప్పు అంచు మీదుగా చూస్తోంది. అతను రెండు చేతులతో ఫోన్ పట్టుకున్నాడు. 

"కాదండీ" అన్నాడు.

జీవితంలో మొదటిసారి.  డెలోరిస్ కప్పు కింద పెట్టేసింది.

"అద్భుతం!" అంది అవతలి గొంతు. "ఇలా మొహం మీద మాట్లాడే మనుషుల కోసమే నేను పోటీ చేస్తున్నాను. మిమ్మల్నే నమ్ముకున్నాను, ఓర్లిన్ గారూ. మీ దారి నాకింకా గుర్తుంది!" ఫోన్ పెట్టేశాడు.

ఓర్లిన్ ఫోన్ వంక, తర్వాత భార్య వంక చూశాడు. "నేను కాదనే అన్నాను కదా?"

"అన్నావు. నేను సాక్ష్యం." డెలోరిస్ నవ్వీ నవ్వీ కళ్లు తుడుచుకుంది. తర్వాత లేచి, కిటికీ తెర పక్కకి తీసింది. రాత్రి మళ్లీ మంచు పడింది. దారి ఈ చివరినుంచి ఆ చివరిదాకా పూడిపోయి ఉంది.

"ఆ దారి కాస్త ఎత్తేస్తావా?"

ఓర్లిన్ వాలుకుర్చీలో ఇంకొంచెం వెనక్కి జారాడు. "మంచిదే, చూద్దాం."

డెలోరిస్ ఆ ఊళ్లోనే పుట్టిన మనిషి. ఆ మాటకి అర్థం ఆవిడకి తెలుసు. తెలిసే, గోడకి ఆనించిన పార తెచ్చి అతని ఒళ్లో పెట్టింది.

"నేను మాత్రం సెనేటర్‌లాగే అర్థం చేసుకున్నాను" అంది.